స్లిప్పులో రాసినట్టే

కొడుకు ఫీజు కట్టడానికి కౌంటరు తెరవకముందే వెళ్ళి వరుసలో నిలబడిన తండ్రులారా, ఈ మాట మీకే. కూతురి ఫీజు దగ్గరికి వచ్చేసరికి మీకు ఆ నడుం నొప్పి ఎక్కడినుంచి వస్తుంది? వాడి చదువుకి అప్పు పుడుతుంది, బంగారం కరుగుతుంది, ఎప్పుడో మరిచిపోయిన బంధువు గుర్తుకొస్తాడు. దాని చదువుకి మాత్రం కాలం బాగాలేదు. మీరు పేదవాళ్ళు కారు. పేదవాళ్ళయితే ఇద్దరికీ పేదవాళ్ళే అయి ఉండేవాళ్ళు. మీరు దొంగలు. సొంత ఇంట్లో, సొంత బిడ్డ దగ్గర, పట్టపగలు దోచుకుని దానికి సంసారం నడపడం అని పేరు పెట్టుకున్న దొంగలు. పక్కన నిలబడి ఊఁ కొట్టిన తల్లులకూ ఇందులో వాటా ఉంది.

అలాంటి ఇల్లు ఒకటి చూపిస్తాను, చూడండి.

ఆ ఇంటి యజమానిని వీధివాళ్ళు పళ్ళ మేస్త్రి అంటారు. కట్టుడు పళ్ళు చేసే పని. ఇంటి కింది గదే ల్యాబు. పొడవాటి బల్ల, దాని మీద చిన్న గ్యాసు దీపం, మైనం పలకలు, ప్లాస్టరు సంచులు, చిగుళ్ళ రంగు పొడి డబ్బాలు, గోడవారన మెరుగు పెట్టే మోటారు. అరల నిండా పళ్ళు లేని నోళ్ళ ప్లాస్టరు అచ్చులు. బోర్డు మీద ఉన్నది మేస్త్రి పేరు. బల్ల దగ్గర కూర్చునేది పెద్దకూతురు. ఇంట్లో ఆమెని పెద్దది అంటారు. ఆమె తర్వాత పుట్టినవాడిని డాక్టరు అంటారు. అందరికంటే చివర పుట్టినదాన్ని చిన్నది అంటారు. ముగ్గురిలో ఒక్కడికే చదువు వల్ల పేరొచ్చింది. మిగతా ఇద్దరికీ పుట్టిన వరస చాలనుకున్నారు.

పెద్దది ఎనిమిదో తరగతి సగంలో ఉండగా తమ్ముడికి ఊళ్ళోకెల్లా ఖరీదైన బడిలో సీటు వచ్చింది. అదే వారం మేస్త్రి ల్యాబులో పనిచేసే మనిషిని మాన్పించేశాడు. ఆ మనిషి జీతం తమ్ముడి బడికి పోయింది, ఆ మనిషి స్టూలు పెద్దదానికి వచ్చింది. లెక్కల టీచరు ఇంటికొచ్చి అడిగింది. "క్లాసులో మొదటి ముగ్గురిలో ఉండే పిల్లండీ, ఎందుకు మాన్పిస్తున్నారు?" మేస్త్రి ఆవిడకి కుర్చీ వేసి, టీ తెప్పించి, చాలా మర్యాదగా జవాబు చెప్పాడు. "చదువు అందరికీ వస్తుందమ్మా. చెయ్యి కొందరికే వస్తుంది. దీని చెయ్యి వచ్చేసింది." టీచరు టీ తాగకుండా వెళ్ళిపోయింది. పెద్దది ఆ రోజు మెట్ల మీద కూర్చుని ఆ మాట విన్నది. తనని మెచ్చుకున్నాడని సంతోషపడింది కూడా. పదమూడేళ్ళ పిల్లకి అంతకంటే ఏం తెలుస్తుంది?

చెయ్యి వచ్చిన మాట నిజం. పదహారేళ్ళు గడిచేసరికి ఆ ఊళ్ళో ఎవరి నోట్లోనైనా పళ్ళు చూసి ఇవి తను చేసినవో కావో వీధి అవతలినుంచే చెప్పగలదు. వేళ్ళ కొనలు వేడి మైనానికి మొద్దుబారాయి. ప్లాస్టరు దుమ్ముకి దగ్గు పట్టుకుంది. ఎవరైనా పెళ్ళి మాట ఎత్తితే "ల్యాబు ఎవరు చూస్తారు?" అనేవాడు మేస్త్రి, అదేదో ఆమెకిచ్చిన సింహాసనం అయినట్టు. ఆమె చేసిన పళ్ళు అమ్ముడైన డబ్బుతో తమ్ముడు బడి దాటాడు, కాలేజీ దాటాడు, పళ్ళ డాక్టరై వచ్చాడు. కాలేజీలో ఒక ఏడాది తప్పితే ఆ ఏడాది ఫీజు మళ్ళీ కట్టారు. మగపిల్లవాడు అన్నాక ఒక ఏడాది అటూ ఇటూ అవుతుంది అన్నది తల్లి.

డాక్టరయ్యాక అతను రెండేళ్ళు ఒక పెద్ద డాక్టరు క్లినిక్కులో పనిచేశాడు. అక్కడ అతను కొలతలు తీసి స్లిప్పు రాసి పంపితే, ఇక్కడ అక్క పళ్ళు చేసేది. మొదటి నెలలోనే ఆమెకి విషయం అర్థమైంది. తమ్ముడికి కాటు తీసుకోవడం రాదు.

కాటు అంటే పెద్ద బ్రహ్మవిద్య ఏమీ కాదు. పళ్ళు లేని మనిషి నోట్లో రెండు మైనం గట్లు పెట్టి, "నోరు మూయండి" అంటాం. పై దవడకి కింది దవడ ఎక్కడ ఆనుతుందో అక్కడ గుర్తు పెడతాం. కానీ చాలాకాలం పళ్ళు లేకుండా చిగుళ్ళతో నమిలిన మనిషికి కింది దవడని ముందుకు తోసే అలవాటు పడుతుంది. మూయమంటే ముందుకు తోసి మూస్తాడు. ఆ తోసిన చోట గుర్తు పెట్టి పళ్ళు చేస్తే అంతే సంగతులు. మాట్లాడితే టకటక, నమిలితే జారుడు. పెద్దది దీనికి మందు పుస్తకంలో చదవలేదు. ఒక ముసలావిడ ఎంగిలి మింగుతుంటే దవడ దానంతటది వెనక్కి సర్దుకోవడం గమనించింది. అప్పటినుంచి ఎవరికైనా "నాలుక వెనక్కి మడిచి, గుటక వేసి, అలాగే నోరు మూయండి" అని చెప్పేది. దవడ సొంత ఇంటికి వెళ్ళినట్టు వెళ్ళి కూర్చునేది.

కాబట్టి తమ్ముడి కేసు ఏది వచ్చినా ఆమె మైనం ముద్దలు డబ్బాలో వేసుకుని ఆ క్లినిక్కుకి నడిచి వెళ్ళేది. పక్కగదిలో మనిషిని కూర్చోబెట్టి, గుటక వేయించి, కాటు మళ్ళీ తీసేది. పళ్ళ కోసం వచ్చినవాళ్ళంతా ఆమెని నర్సు అనుకునేవాళ్ళు. పళ్ళు పెట్టించుకుని వెళ్ళేటప్పుడు తమ్ముడి చేతులు పట్టుకుని దణ్ణం పెట్టేవాళ్ళు.

ఒకసారి ఒక రిటైర్డు డ్రైవరు మాత్రం ఊరుకోలేదు. పెద్ద డాక్టరు వింటుండగానే, "ఆ చిన్న డాక్టరు పెట్టినప్పుడు కుదరలేదు సార్, ఆ అమ్మాయి వచ్చి గుటక వేయించింది చూడండి, అప్పుడు కుదిరింది" అన్నాడు. తమ్ముడు ఆ సాయంత్రం ల్యాబుకి వచ్చి బల్ల మీద చెయ్యి ఆనించి నిలబడ్డాడు.

"నిన్ను ఎవరు రమ్మన్నారక్కా అక్కడికి?"

"కాటు ముందుకుందిరా. అలాగే చేస్తే ఆయన తిండి తినలేడు."

"ఐదేళ్ళు చదివింది నేనా, నువ్వా?"

"ఆరేళ్ళు," అన్నది పెద్దది.

తమ్ముడు గిర్రున తిరిగి వెళ్ళిపోయాడు. వారం తిరగకుండా కొత్త స్లిప్పు పుస్తకాలు అచ్చు వేయించాడు. ప్రతి స్లిప్పు అడుగున లావు అక్షరాలతో ఒక వాక్యం: "ల్యాబువారు ఇందులో రాసిన ప్రకారం మాత్రమే చేయవలెను. సొంత మార్పులు చేయరాదు." చదువుకున్నవాడు చేసే తప్పు అది. చదువు రానివాడైతే తన గొయ్యి ఇంత చక్కగా అచ్చు వేయించుకోడు.

ఇక్కడిదాకా పెద్దది ఓర్చుకుంది. తనకి జరిగిందేదో జరిగింది, చిన్నదానికి జరగకపోతే చాలు అనుకుంది. చిన్నదానికి పదహారేళ్ళు. బుర్ర చురుకు, నోరు ఇంకా చురుకు. ఊరి చివరి సర్కారు బడిలో చదివి, సైన్సు కాలేజీలో సీటు తెచ్చుకుంది. కాలేజీ వాళ్ళు ఫీజుకి గడువు పెట్టారు. శుక్రవారం సాయంత్రం ఐదు గంటలు. దాటితే సీటు తర్వాతివాళ్ళకి పోతుంది.

అదే వారం బుధవారం డాక్టరుకి సొంత క్లినిక్కు తెరుస్తున్నారు. రెండు కుర్చీలు. చిన్నదాని ఏడాది ఫీజు అందులో రెండో కుర్చీ మీద వేలాడే లైటు ఖరీదు. చిన్నది కాగితం తెచ్చి చూపిస్తే మేస్త్రి కళ్ళజోడు కూడా పెట్టుకోలేదు.

"క్లినిక్కు తెరిచాక పని రెట్టింపవుతుంది. మీ అక్క ఒక్కదాని వల్ల కాదు. నువ్వూ బల్ల దగ్గర కూర్చో."

"దానికి చదువొస్తోంది నాన్నా," అన్నది పెద్దది, మోటారు ఆపి.

"చదువు అందరికీ వస్తుందే. చెయ్యి కొందరికే వస్తుంది."

పదహారేళ్ళ కిందటి మాట. ఒక్క అక్షరం మారలేదు. పెద్దది తల వంచుకుని మోటారు మళ్ళీ వేసింది. చేతిలో ఉన్న సెట్టు అప్పటికే అద్దంలా మెరుస్తోంది. అయినా మెరుగు పెడుతూనే ఉంది. మెట్ల మీద కూర్చుని ఆ మాటకి సంతోషపడ్డ పిల్ల ఆమెకి కనిపించింది. ఆ పిల్లని చూస్తే జాలి కలగలేదు, ఒళ్ళు మండింది. ఆ మంటని బయటికి పోనివ్వకుండా పంటి బిగువున పట్టుకుంది.

ఇంతకీ మేస్త్రికే పళ్ళు లేవు. చివరి ఆరూ మూడు నెలల కిందట కొడుకే పీకాడు. నా కొడుకు చేత్తో పీకితే నొప్పే తెలియలేదని బుగ్గ వాచిపోయి కూడా వీధంతా చెప్పుకు తిరిగాడు. గాయం మానాక పెద్దది అడిగింది, సెట్టు చేసి పెట్టనా అని. "ఆగవే. క్లినిక్కులో మొదటి సెట్టు నాదే. అచ్చులు డాక్టరే తీస్తాడు. నువ్వు ఊరికే తయారు చెయ్యి చాలు" అన్నాడు. ఊరికే తయారు చేయడమట.

క్లినిక్కు తెరవడానికి ముందు శనివారం డాక్టరు తండ్రిని కూర్చోబెట్టి అచ్చులు తీశాడు, కాటు తీసుకున్నాడు, స్లిప్పు రాసి పంపాడు. పెద్దది ప్లాస్టరు పోసి, రెండు దవడల అచ్చులనీ ఇనప కీలు మీద బిగించి, ఆడించి చూసింది. కింది దవడ అగ్గిపుల్ల మందం ముందుకుంది.

పక్క స్టూలు మీద కూర్చుని చూస్తున్న చిన్నది అన్నది, "అక్కా, ఇది ముందుకొచ్చింది కదా?"

"తెలుసు."

"మరి నాన్నని పిలిచి గుటక వేయించు."

"స్లిప్పు చదువు."

చిన్నది స్లిప్పు చదివింది. అడుగున ఉన్న లావు అక్షరాలు కూడా చదివింది. అక్క ముఖంలోకి చూసి, మళ్ళీ స్లిప్పు చూసి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. "అమ్మో. నువ్వు మంచిదానివి అనుకున్నానే ఇన్నాళ్ళూ."

"మంచిదాన్నే. అందుకే స్లిప్పులో రాసినట్టే చేస్తున్నా."

బల్ల మీద డాక్టరు పంపినవి ఇంకో నలుగురి అచ్చులు ఉన్నాయి. అవీ కాటు తప్పినవే. పెద్దది వాటిని తీసి పై అరలో పెట్టేసింది. ఆ నలుగురి నోళ్ళూ ఆమెకి ఏ ద్రోహమూ చెయ్యలేదు. వాళ్ళవి తర్వాత చూసుకోవచ్చు. ఈ పని ఒక్క నోటికే.

పదహారేళ్ళలో అంత శ్రద్ధగా ఆమె ఏ సెట్టూ చెయ్యలేదు. ముందు పళ్ళు ఒక్కొక్కటే ఏరి, మేస్త్రి వయసుకి తగ్గ రంగు చూసి పేర్చింది. చిగుళ్ళ మీద సన్నని గీతలు కూడా దిద్దింది. మైనం మీద పేర్చిన పళ్ళని నోట్లో పెట్టి చూడమని సోమవారం తమ్ముడికి పంపింది. ఒక మాట కూడా అడిగింది, న్యాయం ప్రకారం ఒకసారి అడగాలి కనక. "గుటక వేయించి చూశావా?"

"స్లిప్పులో ఏముందో అది చెయ్యి అక్కా. నాకు పాఠాలు చెప్పకు."

"సరే."

బుధవారం ఉదయం పది గంటలకి క్లినిక్కు ముందు రిబ్బను కట్టారు. లోపల కొత్త రంగు వాసన. గోడవారన కుర్చీలు, వ్యాపారుల సంఘం అధ్యక్షుడు, వీధిలోని పెద్దమనుషులు, అంతకుముందు డాక్టరు పనిచేసిన క్లినిక్కు పెద్ద డాక్టరు. తల్లి కొత్త చీరలో గుమ్మం దగ్గర నిలబడింది. ఆ ఉదయమే డాక్టరు తన చేత్తో తండ్రి నోట్లో సెట్టు పెట్టాడు. చూడ్డానికి మేస్త్రి పదిహేనేళ్ళు చిన్నవాడైపోయాడు. అద్దం ముందునుంచి కదల్లేదు. పెద్దదీ చిన్నదీ వెనక, చేతులు కడుక్కునే తొట్టి పక్కన నిలబడ్డారు. వాళ్ళకి కుర్చీలు సరిపోలేదు.

మేస్త్రి మాట్లాడటానికి లేచాడు. "నా" అన్నంతవరకు బాగానే ఉంది. "కొడుకు" దగ్గర పై సెట్టు దిగింది, కింది సెట్టు ఎక్కింది, రెండూ గుర్రం డెక్కల్లా టకటకమన్నాయి. నాలుకతో పైకి తోసుకుని మళ్ళీ మొదలుపెట్టాడు. "నా కొడుకు చదువు కోసం నేను" టకటక "ఎన్ని కష్టాలు" టకటక. ముందు వరుసలో ఎవరో దగ్గు నటించారు. చిన్నది అక్క భుజం వెనక ముఖం దాచుకుంది. అక్క మాత్రం నవ్వలేదు. ఒక్కో చప్పుడూ విన్నది. చెవులారా విన్నది.

డాక్టరు గాభరాపడి కార్యక్రమాన్ని ముందుకు జరిపాడు. అతనే పెట్టుకున్న తమాషా ఒకటి ఉంది. పళ్ళెంలోంచి ఎర్రటి యాపిలు తీసి, "మా క్లినిక్కులో చేసిన మొదటి సెట్టు. నాన్న ఇప్పుడు ఈ యాపిలు కొరికి చూపిస్తారు" అన్నాడు. మేస్త్రి కళ్ళతోనే వద్దురా అన్నాడు. జనం ముందు అనలేకపోయాడు. కొరికాడు. పళ్ళు యాపిల్లో దిగాయి. చెయ్యి వెనక్కి లాగితే యాపిలుతో పాటు పై సెట్టు కూడా వచ్చేసింది. బుగ్గలు లోపలికి పోయాయి. పళ్ళు దిగిన యాపిలుని చేత్తో పట్టుకుని మేస్త్రి నిలబడ్డాడు.

కొందరు నవ్వారు. నవ్వు ఆగాక పెద్ద డాక్టరు లేచి వచ్చి, యాపిలు అందుకుని, పళ్ళు విడదీసి, కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి తిప్పి తిప్పి చూశాడు. కింది సెట్టు కూడా అడిగి తీసుకుని రెండూ ఆనించి చూశాడు.

"ల్యాబు పని ఇంత బాగా చేసినవాళ్ళని నేను చూడలేదు. కాటు ఎవరు తీసుకున్నారు?"

పెద్దది చేతిసంచిలోంచి స్లిప్పు తీసి ఆయన చేతికిచ్చింది. ఆయన చదివాడు, సంతకం చూశాడు, అడుగున లావు అక్షరాలు చూశాడు. స్లిప్పు మడిచి డాక్టరు కొత్త కోటు జేబులో పెట్టి, "మళ్ళీ కలుద్దాం బాబూ" అని వెళ్ళిపోయాడు. వెనకే ఒక్కొక్కరూ పనులు గుర్తుకొచ్చి లేచారు.

ఇంటికొచ్చాక మేస్త్రి చిగుళ్ళతోనే అరిచాడు. "కావాలనే చేశావే నువ్వు. నీకు తెలియదా?"

"తెలుసు."

"తెలిసీ చెప్పలేదా?"

"అడిగాను. పాఠాలు చెప్పకు అన్నాడు. చదువుకున్నవాడు రాసిచ్చింది, చదువులేనిదాన్ని నేనెలా మారుస్తాను నాన్నా? చెయ్యి మాత్రమే కదా వచ్చింది నాకు."

గురువారమంతా డాక్టరు తండ్రిని కొత్త కుర్చీలో పడుకోబెట్టి, ఆ లైటు కింద, పళ్ళని అరగదీశాడు. ఇక్కడ కొంచెం, అక్కడ కొంచెం. సాయంత్రానికి ఆ పళ్ళు ఎలుక కొరికిన సబ్బుముక్కలా అయ్యాయి. ఊరి అవతల ఇంకో పళ్ళ మేస్త్రి ఉన్నాడు, కానీ అతని దగ్గరికి వెళ్ళి నోరు తెరవడం కంటే మేస్త్రికి చావు నయం. తల్లి రొట్టె పాలలో నానబెట్టి ముందు పెట్టింది. అది మింగుతుంటే అతని గడ్డం ముక్కుదాకా వచ్చింది. చిన్నది సీటు కాగితాన్ని గోడకి అంటించి, కింద గడువు తేదీ చుట్టూ ఎర్ర పెన్సిలుతో గీసింది. ఎవరూ చించలేదు.

శుక్రవారం ఉదయం మేస్త్రి ల్యాబులోకి దిగి వచ్చాడు. పెద్దది పై అరలోంచి ఆ నలుగురి అచ్చులూ దించి తుడుస్తోంది.

"మళ్ళీ చెయ్యి. నువ్వే కాటు తీసుకో," అన్నాడు. మాట చిగుళ్ళ మధ్య నలిగి వచ్చింది.

"చేస్తాను. చిన్నదాని ఫీజు కట్టి రండి."

"ముందు పళ్ళు పెట్టు. తర్వాత చూద్దాం."

"తర్వాత అనే మాట ఈ ఇంట్లో నేను పదహారేళ్ళు తిన్నాను. ఇప్పుడు మీరు తినండి. మెత్తగానే ఉంటుంది."

తల్లి మెట్ల మీదినుంచి అన్నది, "కన్నతండ్రి పస్తులుంటుంటే నీకు ముద్ద ఎలా దిగుతోందే?"

"నమిలి మింగుతున్నానమ్మా. పళ్ళున్నాయిగా."

తల్లి లోపలికి వెళ్ళి, క్లినిక్కు రెండో కుర్చీ తాలూకు ఆఖరి వాయిదాకని బీరువాలో పెట్టిన కవరు తెచ్చి, మేస్త్రి ముందు బల్ల మీద పెట్టింది. ముప్ఫై ఏళ్ళు ఊఁ కొట్టిన నోరు ఆ రోజు మొదటిసారి ఊఁ కొట్టలేదు, అంతే. దానికి ఆవిడని మెచ్చుకోనక్కర్లేదు. ఆలస్యంగా ఇచ్చినదాన్ని దానం అనరు.

"డాక్టరుతో పంపిస్తాను," అన్నాడు మేస్త్రి కవరు తీసుకుంటూ.

"మీరే వెళ్ళాలి. మీరే వరుసలో నిలబడాలి. కౌంటరు దగ్గర దాని పేరు మీ నోటితో చెప్పాలి."

"ఈ నోటితోనా?"

"ఈ నోటితోనే."

వెళ్ళారు. మేస్త్రి, చిన్నది, వెనక పెద్దది. వరుసలో ఇరవైమంది ఉన్నారు. ఎండ నెత్తిమీదికొచ్చింది. మేస్త్రి మూతికి రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. కౌంటరు గుమాస్తా తలెత్తకుండా "ఎవరి ఫీజు?" అన్నాడు. మేస్త్రి ఏదో గొణిగాడు. "వినపడలేదు పెద్దాయనా, ఆ గుడ్డ తియ్యండి." రుమాలు తీశాడు. మళ్ళీ చెప్పాడు. గుమాస్తాకి మళ్ళీ అర్థం కాలేదు. మేస్త్రి వెనక్కి తిరిగి పెద్దదాని వైపు చూశాడు, నువ్వు చెప్పవే అన్నట్టు. పెద్దది గోడ మీది గడియారం చూస్తూ నిలబడింది. మూడోసారి మేస్త్రి కిటికీలోకి వంగి, ఒక్కో అక్షరం విడదీసి, వరుసంతా వినేలా దాని పేరు చెప్పాడు. "నా కూతురు. నా రెండో కూతురు ఫీజు." చిన్నది మొదటిసారి ఆ మాట బయట విన్నది. నేల చూపులు చూసింది. ముద్ర పడింది, రసీదు వచ్చింది. అది మేస్త్రి చేతికి వెళ్ళకుండా పెద్దది అందుకుని చిన్నదాని చేతిలో పెట్టింది.

మధ్యాహ్నం ల్యాబులో మేస్త్రిని స్టూలు మీద కూర్చోబెట్టింది. "నాలుక వెనక్కి మడవండి. గుటక వెయ్యండి. మూయండి." దవడ వెనక్కి వెళ్ళి ఉండాల్సిన చోట కూర్చుంది. ఐదు రోజుల్లో పళ్ళు తయారయ్యాయి. నోట్లో పెడితే ఊపిరిలా కుదిరాయి. మేస్త్రి అద్దంలో చూసుకుని, నవ్వబోయి, ఆగాడు.

"కింది సెట్టేదే?"

"అది రెండో ఏడాది ఫీజుకి."

"ఏడాది పాటు ఏం నమలను? పై పళ్ళతో ఎలా తినమంటావు?"

"అచ్చులు జాగ్రత్తగా పెట్టాను నాన్నా, ఎక్కడికీ పోవు. దాని రెండో ఏడాది రసీదు వచ్చిన రోజు మొదలుపెడతాను. నా ఎనిమిదో తరగతి మీరు ఇవ్వలేరు కాబట్టి అది అడగను. దాని బదులు ఒక ఏడాది నమలకుండా కూర్చోండి. డాక్టరుకి చెప్పండి, ఈ మాట నేనే పంపానని. అతను తీసిన ఏ కాటునీ ఇక నేను ముట్టను. ఆ నలుగురినీ ఇక్కడికే రమ్మనండి, వాళ్ళ కాటు నేను తీసుకుంటా. ఇకమీదట స్లిప్పు నేను రాస్తా, అతను చదువుతాడు."

మేస్త్రి నోరు తెరిచాడు. పై పళ్ళు తళతళలాడాయి, కింద ఏమీ లేదు. మళ్ళీ మూశాడు.

కూతుళ్ళ చదువు నమిలి మింగినవాళ్ళారా, మీరు ఇంకా ఉన్నారు, ప్రతి వీధిలో ఉన్నారు, ఇది చదువుతూ నా సంగతి వేరు అనుకుంటున్నారు. వేరేమీ కాదు. లేవండి. బీరువా తియ్యండి. కొడుకు పేరు రాసి పెట్టిన కవరు విప్పండి. కూతురి ఫీజు ఇవాళే, మీ కాళ్ళతో వెళ్ళి, మీ నోటితో దాని పేరు చెప్పి కట్టండి. రసీదు తెచ్చి ఆ పిల్ల చేతికే ఇవ్వండి. బల్లల దగ్గరా పొయ్యిల దగ్గరా కూర్చున్న పెద్దకూతుళ్ళారా, మీకూ ఒక మాట. ఆ రసీదు వచ్చేదాకా పని ముట్టకండి.